గద్ద రెక్కకు కీలు

నమోదు 41

మధ్యాహ్నం కరెంటు మళ్ళీ గద్దలకు పోయింది. తీపినీళ్ళ మిల్లు ఆగింది. పెద్ద వాల్వు కట్టేసి, పానా ఒళ్ళో పెట్టుకుని, కిటికీలోంచి వరసను చూస్తూ కూర్చున్నాను. బిందెలు ఎండలో ఉన్నాయి. వాటి మనుషులు గోడ నీడలో చేరగిలబడి ఉన్నారు. ఎవరూ తిట్టడం లేదు. తిడితే బాగుండును. పోయిన ఏడాది దాకా తిట్టేవాళ్ళు.

పొద్దు నడినెత్తికి రాగానే గద్దలు సముద్రం మీది నుంచి తిరిగి వచ్చి స్తంభాల మీద వాలతాయి. ఇనప పిట్టలు, ఇనప కొమ్మలు. అవి కడుపు నింపుకునేంతసేపు మా ఏడో కట్ట మీద ఏ మోటారూ తిరగదు. గాలిమరలు మావి. మా తాతలు మెడలోతు నీళ్ళలో నిలబడి పాతినవి. వాటి కరెంటులో సగం కావలి మండలికి వాటాగా ఇవ్వాలి. ఆ సగమైనా మాకు మిగిలిన వేళ కాదు, వాళ్ళ పిట్టలకు ఆకలేసిన వేళ ఇవ్వాలి. మిగతా సగంతో మిల్లు సముద్రపు నీటిలో ఉప్పు తియ్యాలి, ఆసుపత్రి నడవాలి, ఇళ్ళలో దీపాలు వెలగాలి.

వరసలో మా అప్ప కనకమాలక్ష్మి కూడా ఉంది. పాదాలు పొంగిపోయి పట్టీలు పట్టడం లేదని చెప్పులు విప్పి, వాటి మీదే కాళ్ళు పెట్టుకుని కూర్చుంది. ఉప్పునీళ్ళు తాగి తాగి మూత్రపిండాలు చెడినవాళ్ళకు ముందు పాదాలే పొంగుతాయి. కట్ట మీద ఇప్పుడు అలాంటి పాదాలు వీధికి నాలుగైదు జతలు కనిపిస్తాయి. వెనక తలుపు దగ్గరకు రా, చెంబుడు ఇస్తానని సైగ చేశాను. రాలేదు. నేనే వెళ్ళి అడిగితే, "అందరితోపాటే తాగుతాన్రా. నువ్వు లోనకెల్లు, ఎండ" అంది.

ఈ పుస్తకంలో నీళ్ళ సంగతి తప్ప ఇంకేమీ రాయకూడదని పై అధికారి మొన్న చెప్పి వెళ్ళాడు. ఇది నీళ్ళ సంగతే.

నమోదు 44

పొద్దున మైకులో చెప్పారు. కావలి వాటాను సగం నుంచి మూడింట రెండు వంతులకు పెంచాలట. అవతలి గట్టు వాళ్ళు కొత్త రకం పిట్టల్ని ఎగరేస్తున్నారట, అందుకని మనకూ ఒక కొత్త గుంపు కావాలట. పన్నెండు కట్టలూ ఎవరి సభ వాళ్ళు పెట్టుకోవాలి, ఒప్పుకున్న కట్టకే వాటా పెరుగుతుంది. మా సభ పున్నమి దాటాక. ఈలోపు మండలి నుంచి జోగారావు గారనే పెద్దమనిషి వచ్చి మాకు విషయం విడమరిచి చెబుతారు.

విడమరిచి చెప్పడానికి ఏముంది? అప్పుడు మాకు మిగిలే మూడో వంతు కరెంటుతో మిల్లు పొద్దుటిపూట మాత్రమే నడుస్తుంది. మధ్యాహ్నం నుంచి కట్టంతా చవుడు నీళ్ళే తాగాలి. ఆసుపత్రిలో నర్సమ్మ మా అప్పకు చెప్పింది ఒకటే మాట. తీపినీళ్ళు తప్ప చుక్క కూడా ముట్టొద్దు, ముడితే చలికాలం చూడవు.

అవతలి గట్టు వాణ్ణి నేను పుట్టి బుద్ధెరిగాక ఒక్కణ్ణి చూడలేదు. నా ఈడువాళ్ళెవరూ చూడలేదు. గద్దల్ని మాత్రం రోజూ చూస్తున్నాం.

నేను బడికి వెళ్ళింది తక్కువ. మిల్లులో నాకు ముందు పనిచేసిన ముసలాయన పోతూ పోతూ ఒక గోనెసంచి వదిలి వెళ్ళాడు. దాని నిండా సముద్రం పైకి రాకముందు కాలం నాటి కరపత్రాలు. అక్షరాలు సగం కరిగిపోయినా సరే, వాటిని నేను తిన్నట్టు చదివాను. ఏది చూసినా దీనివల్ల ఎవరికి లాభం అని అడగడం వాటి వల్లే అబ్బింది. అడిగాను. ఒక గద్దను ఒక షెడ్డులో మొదటి నుంచి చివరి దాకా చెయ్యొచ్చు. మండలి అలా చెయ్యదు. కన్ను ఆరో కట్టలో, తోక తొమ్మిదిలో, పొట్ట పదిలో, రెక్క కీలు మా దగ్గర. ఈ ముక్కలన్నీ పడవలెక్కి ఒకచోటికి చేరడానికే ఒక మిల్లు నడిచేంత కరెంటు ఖర్చు. మొదట్లో ఇదంతా తెలివితక్కువతనం అనుకునేవాణ్ణి. ఎంత తెలివో ఇప్పుడు తెలుస్తోంది. గద్దను పన్నెండు ముక్కలు చేసి పన్నెండు నోళ్ళలో పెట్టారు. నోట్లో ముక్క ఉన్నవాడు కాదనడు.

మా నోట్లో ముక్క కీళ్ళ షెడ్డు. అప్ప పనిచేసేది అక్కడే, ఆకురాయితో కీళ్ళు అరగదీసి నునుపు చేస్తుంది. అప్ప పాదాలు పొంగింది గద్దలు తాగే కరెంటు వల్ల, మా పొయ్యి వెలుగుతున్నది గద్దల కీళ్ళ వల్ల. ఈ కోపం ఎవరి మీద చూపించాలో తెలియక పానా గోడకేసి కొట్టాను. గోడకేమీ కాలేదు. పానాకు సొట్ట పడింది, నేనే కూర్చుని సాపు చేసుకున్నాను.

నమోదు 47

జోగారావు గారు వచ్చారు. తెల్ల చొక్కా, మెత్తని గొంతు, మనిషి బాగా అలిసిపోయినట్టున్నాడు. ఇది ఆయనకు ఎన్నో కట్టో. నేను దుర్మార్గుడి కోసం ఎదురుచూశాను, మోకాళ్ళ నొప్పులవాడు వచ్చాడు.

సభామందిరంలో అందరూ కూర్చున్నాక ఆయన గోడ మీద బొమ్మలు వేసి చూపించాడు. అవతలి గట్టు, వాళ్ళ పిట్టలు, మన పిట్టలు. వాళ్ళవి ఎక్కువ, మనవి తక్కువ. నేను లేచి, అవతలివాడు మన మీదికి వచ్చి ఎన్నాళ్ళయిందని అడిగాను. మా తాతల కాలంలో వచ్చాడని, గద్దలు ఎగరడం మొదలయ్యాక రాలేదని, రాకపోవడమే గద్దలు పనిచేస్తున్నాయనడానికి గుర్తని ఆయన చెప్పాడు. అలాగైతే వాడు వస్తే గద్దలు ఎక్కువ కావాలంటారు, రాకపోతే గద్దల వల్లే రాలేదంటారు, ఏం జరిగితే తక్కువ చాలంటారో అది కూడా చెప్పండి అన్నాను. కొందరు నవ్వారు. ఆయన నవ్వలేదు, కోప్పడలేదు కూడా.

"బాబూ, అవతలి గట్టు మీద కూడా ఈ వేళ ఇలాంటి సభే జరుగుతూ ఉంటుంది. నాలాంటివాడొకడు ఇవే బొమ్మలు తిరగేసి చూపిస్తూ ఉంటాడు. నీలాంటివాడొకడు లేచి ఇదే అడుగుతూ ఉంటాడు. వాడి మాట అక్కడ నెగ్గుతుందని నువ్వు హామీ ఇస్తే, నీ మాట ఇక్కడ నెగ్గేలా నేనే చూస్తాను" అన్నాడు.

ఆ హామీ నేను ఇవ్వలేను. ఇప్పటికీ ఇవ్వలేను. అందుకే అంత కోపం వచ్చిందేమో, ఇంకేదో అరిచాను, ఏమరిచానో కూడా గుర్తులేదు. పక్కవాళ్ళు చొక్కా పట్టుకుని కూర్చోబెట్టారు.

చివర్లో ఆయన అసలు ముక్క తీశాడు. ఏడో కట్ట ఒప్పుకుంటే ఇక్కడ రెండో కీళ్ళ షెడ్డు పెడతారు. కొత్త పనులు, కొత్త పనిముట్లు. ఆ మాటకు మందిరంలో వెన్నులు నిటారుగా లేచాయి. ఎందుకంటే మా సభలో ఎవరూ ఉత్త చేతులెత్తరు. పనిముట్టు ఎత్తాలి. మొదటి వరద తర్వాత, కట్ట పోసినవాళ్ళూ పొయ్యనివాళ్ళూ ఒకే వాటా అడుగుతుంటే, పనిచేసే చేతిదే మాట అని పెద్దలు కట్టుబాటు పెట్టారు. ఆకురాయి, పానా, కత్తెర, గరిటె, ఏదైనా సరే, దాని మీద కట్ట ముద్ర ఉండాలి. అనుకూలమైతే అనుకూలమన్నప్పుడు ఎత్తాలి, వ్యతిరేకమైతే వ్యతిరేకమన్నప్పుడు ఎత్తాలి. ముద్ర ఉన్న పనిముట్టు లేని చెయ్యి లెక్కలోకి రాదు. పని దొరకని మా కుర్రాళ్ళకు షెడ్డంటే కూడు మాత్రమే కాదు, నోరు కూడా.

నమోదు 50

కీళ్ళ షెడ్డుకు పెద్ద నూకరత్నం అత్త. చుట్టరికం ఏమీ లేదు, కట్టంతా అత్తా అనే పిలుస్తుంది. ఆవిడ బొటనవేలితో కీలు తడిమి బాగుందంటే బాగున్నట్టు, లేదంటే లేదు. షెడ్డులో ఆకురాళ్ళే సభను అటూ ఇటూ చెయ్యగలవు, అందరికంటే ఎక్కువమంది వాళ్ళే. అత్త వద్దంటే షెడ్డు వద్దంటుంది. ఆవిడేమో జోగారావు వచ్చిన నాటి నుంచి నోరు విప్పలేదు.

ఇవాళ మధ్యాహ్నం మిల్లు ఆగాక షెడ్డుకు వెళ్ళాను. ఆవిడ ఒక మూల ఎవరి పక్కనో కూర్చుని అన్నం తింటోంది. బయటకు పిలిచి, నువ్వు ఎటువైపో అందరి ముందూ చెప్పమన్నాను.

"సభ రానీరా అసిరీ."

"సభ వచ్చేదాకా ఏటి సేస్తావు?"

"కీళ్ళు సేస్తాను. అన్నం తింటాను. ఈలోపు నువ్వు కూడా కొంచెం తిను, గొంతొక్కటే కనపడతన్నాది మనిషిలో."

ఆ వెటకారానికి నా ఒళ్ళు భగ్గుమంది. షెడ్డంతా వినేలా, నువ్వు పిరికిదానివి, నీ నోట్లో కూడా మండలి ముక్కే ఉంది అనేశాను. ఆవిడ కొంగుతో మూతి తుడుచుకుంది.

"ఉన్నాది. నేదన్నానేటి? మీ అమ్మ పోయినప్పుడు ఆ ముక్కలోదే మీ అప్పకీ నీకూ పెట్టినాను. అప్పుడు ఉప్పు తక్కువైందని కూడా అన్నావు."

లోపల నవ్వులు వినిపించాయి. నేను వచ్చేశాను.

సాయంత్రం అప్పతో చెప్పాను. ఇలా సభ కోసం కూర్చుంటే లాభం లేదు, జోగారావు ఊళ్ళో ఉండగానే చక్రాలు ఆపాలి. కరపత్రాల్లో అదే రాసి ఉంది. ఒకటి కాదు, పదింటిలో ఉంది. పనివాడు పనిముట్టు కింద పెట్టిన రోజున పాలించేవాడికి చెమట పడుతుందని. అప్ప తన పాదాలకేసి చూసుకుంది. "నేను సేసిన కీళ్ళు నా నీల్లు తాగేస్తన్నాయంటే సెయ్యి ఆడ్డం నేదురా" అంది. ఆ మాట అప్ప అన్నదన్నట్టుగానే షెడ్డులో కుర్రవాళ్ళకు చెప్పాను. అప్పంటే అందరికీ ఇష్టం. ఇక నాలుగు రోజులు ఇల్లిల్లూ తిరుగుతాను. గొంతు పోయినా సరే.

నమోదు 54

సమ్మె జరిగింది. ఉన్నది ఉన్నట్టు రాస్తాను.

పొద్దున షెడ్డు వాళ్ళంతా పనిలోకి వచ్చినట్టే వచ్చి, అరుగు మీద ఆకురాళ్ళు వరసగా పెట్టేశారు. ప్రతిదానికీ పసుపు తాడు కట్టించాను. వాటా పెంచే ప్రతిపాదన వెనక్కి తీసుకునేదాకా ముట్టుకోబోమని పనిముట్టు మీద ఒట్టు వేయించాను. కట్ట మీద దేవుడి మీద ఒట్టు తప్పినవాళ్ళున్నారు గానీ పనిముట్టు మీద ఒట్టు తప్పినవాళ్ళు లేరు. వాళ్ళతోపాటు నా పానా కూడా పెట్టాను. షెడ్డులో చప్పుడు ఆగిపోయింది. నేను పుట్టినప్పటి నుంచి ఆ రాపిడి చప్పుడు వింటూనే ఉన్నాను, అది ఆగితే సముద్రం ఇంత దగ్గరగా ఉందా అనిపించింది. అరుగెక్కి మాట్లాడాను. బాగా మాట్లాడానన్నారు. నా బతుకులో అంత మంచి పొద్దు ఇంకోటి లేదు.

అత్త ఒక్కతే పెట్టలేదు. ఆకురాయి చేతిలో పట్టుకునే షెడ్డు లోపల ఖాళీ బల్లల మధ్య కూర్చుంది. నేను అటు చూడలేదు.

జోగారావు అరవలేదు, కాపలావాళ్ళను పిలవలేదు. మధ్యాహ్నం సభ గంట కొట్టించాడంతే. కట్ట మీద పని ఆగితే ఆ రోజే సభ పెట్టాలన్నది కూడా మా పెద్దల కట్టుబాటే. వాళ్ళ కాలంలో పని ఆగిందంటే కట్ట తెగిందని అర్థం. ఇది మాలో అందరికీ తెలుసు. నాకూ తెలుసు. కరపత్రాలు చదువుతూ చదువుతూ ఏ కట్ట మీద ఉన్నానో మరిచిపోయాను.

గంట వినగానే అత్త షెడ్డులోంచి పరుగులాంటి నడకతో వచ్చింది.

"ఎత్తీయండి. ఆకురాళ్ళు ఎత్తీసి సభలోకి రండి. ఇప్పుడే."

ఎవరూ కదల్లేదు. అందరూ నాకేసి చూశారు. ఎత్తితే సమ్మె విరిగిపోయినట్టేనని, ఒట్టు తప్పినట్టని, మనమంతా బయట ఉంటే అది సభే కాదని చెప్పాను. సగం ఊరు లేని సభను ఎవడు ఒప్పుకుంటాడు అన్నాను.

"సభకి ఊరక్కర్నేదురా. పనిముట్లు సాలు" అంది అత్త. తర్వాత నన్ను వదిలేసి మా అప్ప వైపు తిరిగింది. "మాలచ్చీ, నువ్వైనా ఎత్తు. నీ ఎనక అందరూ ఎత్తుతారు."

అప్ప నడుము పట్టుకుని, ఆ పొంగిన కాళ్ళ మీద బరువు ఆన్చి, మెల్లగా వంగింది. చెయ్యి తన ఆకురాయి దాకా వెళ్ళింది.

"అప్పా, ముట్టుకోకు" అన్నాను.

చెయ్యి వెనక్కి తీసుకుంది.

అత్త తన ఆకురాయి పట్టుకుని మందిరంలోకి వెళ్ళింది. మేం అరుగు దగ్గరే ఒకరి చేతులొకరం పట్టుకుని నిలబడ్డాం. పాట కూడా ఎవరో ఎత్తుకున్నారు. పాట సగంలో ఉండగా మైకులో వినపడింది. అనుకూలంగా స్తంభాల కాపలావాళ్ళ కర్రలు, గోదాం తాళాలు, అతిథిగృహం గరిటెలు, ఇంకా ఏవేవో. వ్యతిరేకంగా ఒక ఆకురాయి. తీర్మానం నెగ్గింది.

పాట ఎక్కడ ఆగిందో తెలియదు.

అత్త బయటకు వచ్చింది. తిడుతుందని తల వంచుకుని నిలబడ్డాను. తిట్టలేదు. అలసటగా మెట్టు మీద కూర్చుని, నాకు మాత్రమే వినపడేలా చెప్పింది.

"షెడ్డులో ముప్పావు మంది వద్దంటామని మాటిచ్చినార్రా. ఒకల సంగతి ఒకలికి తెలీదు. మజ్జాన్నం అన్నం కాడ పక్కన కూకుని ఒక్కొక్కలినీ అడిగినాను. ముందే తెలిస్తే మండలోలు ఆలకి ఏదో ఒకటి పెట్టి తిప్పీసుకుంటారని నోరు మూసుకున్నాను. నీకు సెప్తే నువ్వు అరుగెక్కి సెప్పీసుందువు."

నిజమే. చెప్పేసి ఉండేవాణ్ణి.

నమోదు 55

పొద్దున్నే జోగారావు మిల్లుకు వచ్చాడు. పడవకు ఇంకా టైముందట. ఎవరి మీదా చర్య ఉండదని, ఆకురాళ్ళు ఎవరివి వాళ్ళు తీసుకుని పనిలోకి రావొచ్చని చెప్పాడు. ప్రతిపాదనే తీర్మానమైపోయాక వెనక్కి తీసుకోవడానికి ఏమీ మిగల్లేదు కనుక ఒట్టు కూడా తీరిపోయిందని మా పెద్దలు తేల్చారట. పసుపు తాళ్ళు అరుగు మీద కుప్పగా పడి ఉన్నాయి, గాలికి ఒక్కొక్కటే సముద్రంలోకి పోతున్నాయి.

తర్వాత ఆయనే అన్నాడు. ఆరో కట్టలోనూ రెండో కట్టలోనూ ఓడిపోయానని, ఇక్కడ కూడా ఓడిపోతాననే మొన్న రాత్రంతా మండలికి ఏం చెప్పుకోవాలా అని ఆలోచించుకున్నానని. దెప్పిపొడవడానికి అన్నట్టు లేదు. ఎవరికో ఒకరికి చెప్పుకోవాలని అన్నట్టుంది. తాగడానికి నీళ్ళడిగాడు. గ్లాసు నింపి ఇచ్చాను. చాలా తియ్యగా ఉన్నాయంటూ సగం తాగి, సగం వదిలేసి వెళ్ళిపోయాడు.

ఆ సగం నేను పారబొయ్యలేదు.

నీళ్ళు: ఈ రోజుకు మామూలే. రేపటి నుంచి పొద్దుటిపూట మాత్రం.

నమోదు 63

మిల్లు పొద్దెక్కే దాకా తిరిగి ఆగిపోతోంది. వరస చీకటితోనే మొదలవుతోంది. కాస్త కాళ్ళలో సత్తువ ఉన్నవాళ్ళు ముందు వస్తున్నారు. నీళ్ళు ఎక్కువ కావలసినవాళ్ళు వెనక వస్తున్నారు. వరసలో చివరివాళ్ళకు నేనే వాల్వు కట్టి, రేపు రండి అని చెప్పాలి. పొరబాటున ఎవరైనా నన్ను తిడతారేమోనని చూస్తాను. ఏం చేస్తాం బాబూ అంటున్నారు.

అప్ప షెడ్డుకు పోతోంది. మానెయ్యమంటే మానదు. కొత్త తీర్మానంతో పాటు మండలి ఒక వరం కూడా ఇచ్చింది. కీళ్ళ షెడ్డులో పనిచేసే ప్రతి మనిషికీ పని దిగేటప్పుడు ఒక కూజా తీపినీళ్ళు. గద్దల పని చేసేవాళ్ళు జబ్బుపడితే గద్దల పని ఆగుతుంది కదా. అంటే మా నీళ్ళు గద్దలకు పోతాయి, గద్దల పని చేస్తే అందులోంచి కూజాడు మాకు తిరిగొస్తాయి. ఇంత గుండ్రంగా, ఇంత నునుపుగా ఉన్న మోసం ఏ కరపత్రంలోనూ చదవలేదు. మోసం అని కూడా అనలేం. అన్నీ మైకులో చెప్పే చేశారు.

ఒక కూజా అప్పకు చాలదు. నర్సమ్మ రెండు కావాలంటోంది.

పొద్దుపోయాక అప్ప కాళ్ళు చాపుకుని కూర్చుంటే పక్కన కూర్చున్నాను. ఆ రోజు నుంచి అప్ప నన్ను ఒక్క మాట అనలేదు. ఉండబట్టలేక, "అప్పా, తిట్టేయ్ ఒకపాలి" అన్నాను.

"తిట్టడానికి ఓపికుండాలి కదరా. కాళ్ళొత్తు."

ఒత్తాను. వేలు పెట్టి నొక్కినచోట గుంట పడి, పిండిముద్ద మీద పడినట్టు అలాగే ఉండిపోతోంది. మెల్లగా, చాలా మెల్లగా పూడుతోంది. అది పూడేదాకా ఇద్దరం చూస్తూ కూర్చున్నాం.

"కొత్త సెడ్డులో పనోళ్ళని తీసుకుంటన్నారు" అంది అప్ప. అడిగినట్టు కాదు, ఊరికే చెప్పినట్టు.

నమోదు 66

మిల్లు ఆగాక వెళ్ళి పేరు రాయించుకున్నాను. పొద్దుట మిల్లు, మధ్యాహ్నం కొత్త షెడ్డు. నాకు ఆకురాయి ఇచ్చారు, ముద్ర వేసి. కుర్రవాళ్ళు కొందరు నన్ను చూసి తల తిప్పుకున్నారు. ఒకడు మాత్రం, "అరుగు మీద ప్రసంగం ఎప్పుడు, అన్నా?" అని అడిగాడు. కొట్టబోయాను. చెయ్యి లేచింది, దించేశాను. కొట్టడానికి కూడా కూజా గుర్తొస్తోంది.

నమోదు 78

రెండు షెడ్లకూ నూకరత్నం అత్తే పెద్ద. నాకు పని నేర్పుతోంది. నా మీద కోపముందో లేదో ఆవిడ మొహంలో తెలియదు. మధ్యాహ్నం అన్నం వేళ ఈ కొత్తవాళ్ళలో ఇవాళ ఒకడి పక్కన కూర్చుంటుంది, రేపు ఇంకొకడి పక్కన. మళ్ళీ మొదలెట్టావా అని మెల్లగా అడిగితే, "అన్నం తింటన్నాను, కనపడ్డం నేదేటి?" అంది.

మొదటి రోజుల్లో నాకో ఆలోచన వచ్చింది. కీలు లోపలి అంచున, కంటికి ఆననిచోట, కొంచెం పొడుచు, అరగదీసినప్పుడు లేచే ఇనప మొన, వదిలేస్తే చాలు. ఎగరగా ఎగరగా అది కోసుకుపోయి రెక్క విరుగుతుంది. గద్ద సముద్రంలో పడుతుంది. ఎవరికీ చెప్పకుండా, ప్రసంగం చెయ్యకుండా, నేనొక్కణ్ణే చెయ్యగలిగిన పని. ఇవాళ చేశాను. కీలు తీసుకెళ్ళి అత్త బల్ల మీద పెట్టాను.

బొటనవేలు లోపలికి పోనిచ్చి, అక్కడే ఆగింది. కళ్ళెత్తి నన్ను చూసింది. కీలు పిడికిట్లో పెట్టుకుని నన్ను షెడ్డు వెనక్కి, అలల చప్పుడు దగ్గరికి తీసుకెళ్ళింది.

"ఇది నాలుగు నెల్లలో ఇరుగుద్ది" అంది.

"ఇరగనీ."

"ఇరిగితే ఏటవుద్ది?"

"ఒక గద్ద తగ్గుద్ది."

"ఎర్రినాగన్నా." ఆవిడ గొంతులో కోపం లేదు, చిన్నపిల్లాడికి అన్నం ముద్ద కలిపేటప్పటి విసుగులాంటిది ఉంది. "గద్ద సముద్రంలో పడితే మన కీలు ఇరిగిందనరు. అవతలోడు కొట్టీసినాడంటారు. జోగారావు మల్లీ పడవెక్కుతాడు. పడిన ఒకదానికి బదులు రెండు అడుగుతారు. ఆ రెంటికీ కరెంటు ఎవులిస్తారు?"

నేను సముద్రం వైపు చూస్తున్నాను.

"బాగా అరగదియ్యి. పదేళ్ళు ఇరక్కండా ఉండీలాగ సెయ్యి. గద్ద ఎంతకాలం బతికితే అంతకాలం కొత్తది అడగడానికి ఆలకి నోరు రాదు. మన సేతిలో ఉన్నది ఇప్పటికి అంతే." కీలు నా అరచేతిలో పెట్టింది.

వెళ్ళి కూర్చున్నాను. పొడుచు తీశాను. తీశాక అంచు సమంగా రాలేదు, మళ్ళీ మొదటి నుంచి పట్టాను. పక్కవాళ్ళు లేచి వెళ్ళిపోతున్నారు, కూజాలు అందుకుంటున్న చప్పుడు వినిపిస్తోంది. చేతివేళ్ళు ఇనప పొడితో నల్లబడ్డాయి. ఎక్కడ ఎంత ఒత్తాలో, ఎక్కడ ఒత్తకుండా కేవలం జారనివ్వాలో చెయ్యికే తెలుస్తున్నట్టు అనిపించింది. కోపం సంగతి కాసేపు గుర్తు రాలేదు.

అత్త తీసుకుంది. బొటనవేలితో తడిమింది. చెవి దగ్గర పెట్టుకుని తెరిచింది, మూసింది, మళ్ళీ తెరిచింది. ఏ చప్పుడూ లేదు.

"ఇది ఎగురుద్ది" అంది.

ఆ మాట వినగానే నాకు సంతోషం కలిగింది. దాచుకోలేనంత సంతోషం, మొహం పక్కకు తిప్పుకోవలసి వచ్చింది. కూజా భుజానికెత్తుకుని అప్ప దగ్గరికి వస్తూ, కట్ట పొడుగునా ఆ సంతోషాన్ని తిట్టుకుంటూనే వచ్చాను. ఇంటికి చేరాక కూడా అది తగ్గలేదు.